ఆసైలం వేస్తే వర్క్ పర్మిట్ వస్తుందంట, వేయమంటారా?

ప్రశ్న: మాది కావలి. అల్లూరు వైపు రొయ్యల గుంటలు చేస్తాను. మావాడు 2021లో ఎమ్మెస్‌కి అమెరికా వెళ్లాడు. ఓపీటీ (చదువయ్యాక కొంతకాలం పనిచేసుకోనిచ్చే అనుమతి) ఆఖరికొచ్చింది, హెచ్‌1బీ ఉద్యోగ వీసా లాటరీలో మూడుసార్లూ పేరు రాలేదు. ఆసైలం (సొంత దేశంలో భయమని అక్కడ శరణు అడిగే దరఖాస్తు) వేస్తే ఆరు నెలల్లో వర్క్ పర్మిట్ వస్తుంది, కథ మేమే రాసిస్తాం, నాలుగు వేల డాలర్లు కట్టమని అక్కడెవరో కన్సల్టెంటు చెప్పాడంట. గుంటల కాడ పక్కవాళ్లతో మాకు కొట్లాట జరిగిన మాట నిజమే. దాన్నే పెద్దది చేసి ప్రాణభయం అని రాస్తారంట. వేయమంటారా?
– ఒక తండ్రి, కావలి

జవాబు: వద్దండీ. అంత ఖర్చుపెట్టి పంపిన మీ టెన్షన్ అర్థమవుతోంది కానీ, వీసా అయిపోతోందని వేసుకునే దరఖాస్తు కాదిది. సొంత దేశానికి తిరిగెళ్తే హింసిస్తారన్న భయం ఉండాలి, ఆ భయానికి కారణం కూడా జాతి, మతం, జాతీయత, రాజకీయ అభిప్రాయం, ఫలానా సామాజిక వర్గానికి చెందడం, ఈ ఐదింట్లో ఒకటై ఉండాలి. 1951 నాటి శరణార్థుల ఒప్పందంలో ఉన్నవీ ఇవే, అమెరికా చట్టంలో ఉన్నవీ ఇవే. గుంట గట్టు మీద హద్దు కోసం పడ్డ గొడవ మామూలుగా వీటిలో దేని కిందికీ రాదు. ఒకవేళ వచ్చిందనుకున్నా, కావలిలో భయమైతే విశాఖపట్నం పోయి బతకొచ్చు కదా అని ఆఫీసరు అడుగుతాడు. అప్పుడు మీవాడు ఏం చెప్తాడు?

ఆ ఆరు నెలల మాట ఎక్కడిదంటే, దరఖాస్తు అందిన 150 రోజులకు వర్క్ పర్మిట్‌కి వేసుకోవచ్చు, 180 రోజులు దాటాక ఇవ్వొచ్చు అని ఏళ్లుగా ఒక రూలుంది. అక్కడి రూళ్లు ఈమధ్య తరచూ మారుతున్నాయి కూడా. కన్సల్టెంటు ఈ సగమే చెప్తాడు. ఐ-589 అనే ఆ ఫారం మీద, ఇందులో రాసిందంతా నిజమని సంతకం పెట్టేది మీ అబ్బాయి, రాసిచ్చినవాడు కాదు. కావాలని కట్టుకథతో వేశాడని తేలితే హెచ్‌1బీ, గ్రీన్ కార్డు సహా అక్కడి ఇమ్మిగ్రేషన్ చట్టం కింద ఏదీ జన్మలో రాకుండా పోవచ్చు. దరఖాస్తు నడుస్తుండగా చెల్లెలి పెళ్లని కావలి వచ్చాడనుకోండి, భయం అన్నవాడు ఇంటికెందుకు పోయాడని దాన్ని వదులుకున్నట్టే లెక్కేస్తారు. వీసా గడువు కూడా అయిపోయి, ఆఫీసరు ఒప్పుకోకపోతే కేసు ఇమ్మిగ్రేషన్ కోర్టుకి పోతుంది, అంటే దేశం నుంచి పంపించే కేసన్నమాట.

నిజంగా అవసరమైనవాళ్లు లేరని కాదు. కులాంతర పెళ్లి చేసుకున్నందుకు సొంతవాళ్లే చంపుతామని వెంటపడితే, పోలీసులకు చెప్పినా దిక్కులేకపోతే, అలాంటి పిల్లలు ఆలస్యం చేయకూడదు. అమెరికాలో అడుగుపెట్టిన ఏడాదిలోపు వేయాలి. స్టూడెంట్ వీసాలాంటిది సక్రమంగా ఉన్నంతకాలం ఆ ఏడాది దాటినా మినహాయింపు దొరకొచ్చు, అయితే వీసా పోయాక నెలల తరబడి ఊరుకుంటే కుదరదు. ఎఫ్‌ఐఆర్ కాపీ, ఆసుపత్రి చీటీలు, బెదిరింపు మెసేజ్‌లు, ఊళ్లో చూసినవాళ్లు రాసిచ్చిన ఉత్తరాలు, తెలుగులో ఉన్న ప్రతి కాగితానికీ అనువాదకుడి సంతకంతో ఇంగ్లీషు అనువాదం పెట్టాలి. ఇంగ్లీషు రాకపోతే ఇంటర్వ్యూకి దుబాసీని మనమే తీసుకెళ్లాలి. ఫారం ప్రభుత్వ సైట్‌లో ఉచితంగానే దొరుకుతుంది. వేయడానికి ఒకప్పుడు ఫీజు లేదు, 2025లో వచ్చిన చట్టంతో 100 డాలర్లు పెట్టారు. లాయరుకి డబ్బు లేకపోతే ఉచితంగా వాదించే సంస్థల జాబితా ఇమ్మిగ్రేషన్ కోర్టుల సైట్‌లో ఉంటుంది.

మీవాడి సంగతికొస్తే, ఆ నాలుగు వేలలో కొంత పెట్టి లైసెన్సున్న ఇమ్మిగ్రేషన్ లాయరుతో ఓ గంట మాట్లాడమనండి, ఓపీటీ అయిపోకముందే. కథ రాసిస్తాననే కన్సల్టెంటు ఫోన్ ఎత్తొద్దనండి.

ప్రశ్న: ఒంగోలులో ఉంటూ, ఇక్కడి నుంచే అమెరికా ఎంబసీలో ఆసైలం వేయొచ్చా?
– ఒక పాఠకురాలు, ఒంగోలు

జవాబు: కుదరదమ్మా. అమెరికా ఆసైలం అడగాలంటే ఆ దేశంలోనో దాని సరిహద్దు దగ్గరో ఉండాలి. బయటి నుంచి తీసుకునేవాళ్లను రెఫ్యూజీలంటారు, వాళ్లు మామూలుగా అప్పటికే సొంత దేశం వదిలి వేరే దేశంలో తలదాచుకున్నవాళ్లు. వేరే దేశం నుంచి మన దగ్గరికి పారిపోయి వచ్చినవాళ్ల సంగతే అడుగుతుంటే, 1951 ఒప్పందం మీద భారత్ సంతకం పెట్టలేదు. అయినా ఢిల్లీలో ఐరాస శరణార్థుల సంస్థ ఆఫీసుంది, చాలామంది పేర్లు నమోదు చేసి కార్డులిస్తారు.