జెల్లీఫిష్ మందలు వచ్చినప్పుడు వల లాగడం గురించి మేనల్లుడికి ఒక లేఖ

చిరంజీవి మేనల్లుడికి మామయ్య ఆశీస్సులు.

వచ్చే వేట కాలం నుంచి ట్రాలర్ నీ చేతికి వస్తున్నదని మీ అమ్మ చెప్పింది. ఇంజను సంగతి, గాలి సంగతి, చుక్కాని సంగతి నీకు నేను మళ్లీ చెప్పనక్కరలేదు. అవన్నీ నా పక్కన నిలబడి నేర్చుకున్నవే. అయితే నువ్వు నాతో వచ్చిన ఏళ్లలో పెద్ద జెల్లీఫిష్‌ల మంద ఒక్కసారి కూడా మన వలలో పడలేదు కాబట్టి, ఆ ఒక్క విషయంలో నీకు చేతి అనుభవం లేదు. నాకున్నది కొంచెం ఖరీదైన అనుభవమే. ఈ ఉత్తరం దాని గురించే.

ముందుగా ఒక లెక్క చూడు. తూర్పు ఆసియా సముద్రాలలో తిరిగే నోమురా అనే జాతి జెల్లీఫిష్‌కు గొడుగులా ఉండే పైభాగం రెండు మీటర్ల వెడల్పు వరకు, ఒంటి బరువు 200 కిలోల వరకు పెరుగుతుంది. అటువంటివి యాభై వలలో చేరితే పది టన్నులు. 2009 నవంబరులో జపాన్‌లోని చిబా తీరానికి ఆవల బోల్తా పడిన ట్రాలర్ పది టన్నుల పడవ. పడవకు చెప్పే టన్నులు బరువును కాక లోపలి చోటును కొలుస్తాయని నీకు తెలుసు, అయినా ఆ రెండు అంకెలను పక్కపక్కన పెట్టుకుని చూస్తే పరిస్థితి అర్థమవుతుంది. ఆ రోజు తుపాను లేదు, సముద్రం ప్రశాంతంగానే ఉన్నది. డజన్ల కొద్దీ నోమురా జెల్లీఫిష్‌లు చేరిన వలను పైకి లాగుతుండగా పడవ తిరగబడి అందులోని ముగ్గురూ నీళ్లలో పడ్డారు. దగ్గరలో ఉన్న మరో ట్రాలర్ వాళ్లను కాపాడింది.

వాళ్లు తెలివితక్కువవాళ్లని అనుకోవద్దు. జెల్లీఫిష్ ఒంట్లో నూటికి తొంభై అయిదు పాళ్లకు పైగా నీరే కనుక, సముద్రంలో ఉన్నంతసేపు దాని బరువు దాదాపు తెలియదు. వల సాగుతున్నప్పుడు ఇంజను కొంచెం మూలుగుతుంది, వేగం కొంచెం తగ్గుతుంది, అంతే. వల చివర చేపలు చేరే సంచి నీటిని వదిలి పైకి లేచిన క్షణాన ఆ టన్నులన్నీ ఒక్కసారిగా పడవ మీదికి వస్తాయి. అవి డెక్ మీద ఉన్నట్లుగా కూడా కాదు, కప్పీ వేలాడుతున్న ఎత్తున ఉన్నట్లుగా పడవను లాగుతాయి. వేలాడే బరువు ఎక్కడినుంచి వేలాడుతున్నదో అక్కడే ఉన్నట్లు పనిచేస్తుందన్న సంగతి ఎంతమంది సరంగులకు నోటికి వచ్చినా, వల తాళ్లను చుట్టి లాగే వించ్ ముందు నిలబడినప్పుడు గుర్తుకు రాదు. కాబట్టి నిర్ణయం ఏదైనా సంచి నీటి మీద తేలకముందే తీసుకోవాలి. తేలిన తర్వాత తీసుకునే నిర్ణయాలు సాధారణంగా పడవే తీసుకుంటుంది.

నా విషయంలో జరిగినది ఇది. ఒక సాయంకాలం, మూడు గంటలు లాగిన తర్వాత, వేగం బాగా పడిపోయింది. ఈ పాటుకు, అంటే ఈ విడత వల లాగుడుకు, చేపలు బాగా పడ్డాయని నేను సంతోషించాను; వల తాళ్లు బిగిసి సన్నగా మోగుతుంటే అది చేపల బరువేనని కలాసీలతో కూడా అన్నాను. సంచి పైకి వచ్చేసరికి చేపలు నిండిన సంచిలా కుదురుగా లేదు. వెడల్పుగా, బూడిద రంగులో, పిండి ముద్దలా నీటి మీద పరుచుకుని ఉన్నది. వల కన్నుల్లోంచి జిగురు ముక్కలు ముక్కలుగా బయటికి వస్తున్నది. అప్పటికే పడవ వెనుక భాగం దిగిపోయి, డెక్ మీది నీరు బయటకు పోయే సందుల్లోంచే సముద్రం లోపలికి వస్తున్నది. వల కొత్తది. నిజం చెబుతున్నాను, ఆ నిమిషంలో నేను పడవ గురించి ఆలోచించలేదు, వల గురించే ఆలోచించాను. నా అనుమతి అడగకుండా ఒక ముసలి కలాసీ వెళ్లి సంచి అడుగును మూసి ఉంచే ముడి తాడును కోసేశాడు. సంచిలోనిదంతా జారిపోయింది, పడవ వెనుక భాగం ఒక్కసారి పైకి లేచింది, మేమందరం చేతికందినదాన్ని పట్టుకుని నిలబడ్డాము. ఆయన మీద కేకలు వేసినందుకు మర్నాడు క్షమాపణ చెప్పుకున్నాను.

అందుచేత నీకు నేను చెప్పే మొదటి పని సంచి ముడి గురించే. ఎంత బరువు మీద ఉన్నా ఒక్క లాగుతో విడిపోయే ముడి వేయించు. ఆ ముడి నుంచి ఒక ప్రత్యేకమైన తాడు వించ్ దగ్గరికి వచ్చి ఉండాలి. పదునైన కత్తి ఒకటి వించ్ పక్కనే ఒరలో ఉండాలి, వంటగదిలో కాదు. ఆ తాడు లాగే అధికారం సరంగుకు మాత్రమే కాక డెక్ మీద ఉన్న ప్రతివాడికీ ఉన్నదని బయలుదేరే ముందే అందరికీ చెప్పు. లాగినవాణ్ణి ఎందుకు లాగావని తర్వాత అడగవచ్చు, కానీ తిట్టకూడదు; ఒకసారి తిట్టు తిన్నవాడు రెండోసారి నీ ముఖం చూసి ఆగుతాడు.

ఇక వల వేయడం. మందలు ఉన్నాయన్న అనుమానం ఉన్నప్పుడు గంటల తరబడి లాగే అలవాటు మానుకోవాలి. మొదట పది నిమిషాలు లాగి సంచి చూడు. అందులో ఒకటి రెండు జెల్లీఫిష్‌లే ఉంటే అరగంటకు పెంచు, అంతకు మించవద్దు. నూనె ఖర్చు పెరుగుతుంది, కలాసీలు విసుక్కుంటారు, ఆ రెంటినీ భరించు. నీటిలోకి ధ్వని పంపి ప్రతిధ్వనితో చేపలను చూపే ఎకో సౌండర్ తెర మీద ఏమీ కనబడలేదని ధైర్యపడవద్దు, ఎందుకంటే ఒళ్లంతా నీరే అయిన ప్రాణి ప్రతిధ్వనిని బలంగా పంపదు. చేపల గుంపు కనబడినంత స్పష్టంగా అది కనబడదు. ఇంజను మూలుగునూ వేగాన్నీ చూసుకోవడమే మేలు. కారణం తెలియకుండా వేగం తగ్గితే ఆ పాటును అక్కడే ముగించు. సంచి బరువుగా వస్తున్నదని అనిపిస్తే దాన్ని మొత్తంగా పైకి ఎత్తే ప్రయత్నం చేయకుండా, పడవ వెనుక నీటిలోనే ఉంచి, అడుగు విప్పి సగం వదిలెయ్యి. అలాంటి సమయంలో పడవను అలకు అడ్డంగా తిప్పడం, డెక్ తలుపులు తెరిచి ఉంచడం, లైఫ్ జాకెట్ లేకుండా ఎవరైనా తిరగడం, ఈ మూడూ ఉండకూడదు.

వల లోపల ఏటవాలుగా ఊచల చట్రాన్ని అమర్చి, పెద్ద శరీరాలు దాని మీదుగా జారి పైనో కిందనో ఉన్న రంధ్రం గుండా బయటపడేలా, చిన్న చేపలు ఊచల మధ్య నుంచి సంచిలోకి పోయేలా చేసే పద్ధతి ఉన్నది. తాబేళ్ల కోసం రొయ్యల వలల్లో పెట్టే చట్రం కూడా ఇదే తరహా. దీనివల్ల కొన్ని పెద్ద చేపలు కూడా జారిపోతాయన్నది నిజం. ఆ నష్టాన్ని ముందే లెక్కలో రాసుకుని చట్రం పెట్టుకోమని నా అభిప్రాయం. తీరం దగ్గర స్థిర వలలు వేసే నీ స్నేహితుడికి చట్రం పనికిరాదు. చేపలను దారి మళ్లించే అడ్డు వలకు పెద్ద కన్నులు పెట్టుకోమని, తన వల కదలలేదు కాబట్టి మంద వస్తున్నదని తెలిసిన నాడే దాన్ని ఎత్తేయమని చెప్పు. నోమురా మందల వల్ల జపాన్‌లో ఎక్కువగా దెబ్బతిన్నది ఆ స్థిర వలల వాళ్లే.

మంద వస్తున్నదని తెలిసేదెలా అని నువ్వు అడుగుతావు. ఇక్కడ కొంచెం ఓపికగా చదువు. సముద్రంలో మనకు కనబడే గొడుగు ఆ ప్రాణి జీవితంలో చివరి దశ మాత్రమే. దానికి ముందు అది అడుగున గట్టి ఉపరితలానికి అంటుకుని, మిల్లీమీటర్లలో కొలవవలసినంత చిన్న పాలిప్‌గా ఉంటుంది. నోమురా జాతి పాలిప్ కదులుతూ పోయినచోటల్లా చిన్న తిత్తులను వదిలిపెడుతుంది. ఆ తిత్తులు ఏళ్ల తరబడి నిద్రలో ఉండి, అనుకూలమైన వేళ మళ్లీ పాలిప్‌లవుతాయి. ఒక్కొక్క పాలిప్ పళ్లేల దొంతరలా విడివడి కొన్ని పిల్లలను విడుస్తుంది. రెండు మూడు మిల్లీమీటర్ల ఆ పిల్ల కొద్ది నెలల్లోనే మీటరు గొడుగు అవుతుంది. నిన్న లేనిది ఇవాళ వేలకు వేలుగా ఎలా వచ్చిందని మనం ఆశ్చర్యపడతాము గాని, అది అడుగున ఎప్పటినుంచో ఉన్నదే.

ఈ జాతి పుట్టేది చైనా, కొరియాల మధ్య ఉన్న పోహాయ్, పసుపు సముద్రం, తూర్పు చైనా సముద్రాలలో. త్సుషిమా ప్రవాహం దాన్ని జపాన్ సముద్రంలోకి మోసుకుపోతుంది. ఇరవయ్యో శతాబ్దంలో 1920, 1958, 1995 సంవత్సరాలలో మాత్రమే పెద్ద మందలు కనబడగా, 2002 నుంచి 2009 వరకు దాదాపు ఏటా వచ్చాయి. హిరోషిమా విశ్వవిద్యాలయానికి చెందిన షినిచి ఉయే అనే శాస్త్రవేత్త చైనా, జపాన్‌ల మధ్య తిరిగే ప్రయాణికుల నౌకల మీద మనుషులను నిలబెట్టి, కనబడిన జెల్లీఫిష్‌లను లెక్కపెట్టించడం 2006లో మొదలుపెట్టారు. ఉపగ్రహం అవసరం లేదు, రెండు కళ్లూ ఒక పుస్తకమూ చాలు. అక్కడ లెక్క పెరిగితే కొన్ని వారాల తర్వాత ప్రవాహానికి దిగువన ఉన్నవాళ్లకు కష్టం వస్తుందన్నమాట. నువ్వు చేయవలసినది కూడా అదే: మీ నీటికి ప్రవాహం ఎటునుంచి వస్తున్నదో తెలుసుకుని, అటు వేటాడే సరంగులలో ఇద్దరితోనైనా వారానికోసారి మాట్లాడు. కాలం మొదట్లో అరచేతి వెడల్పు పిల్లలు వలలో పడితే నవ్వి పారేయకుండా తేదీ, లోతు, సంఖ్య రాసుకో. మూడేళ్లు రాస్తే ఆ పుస్తకం ఏ హెచ్చరిక కన్నా నీకు ఎక్కువ చెబుతుంది.

డెక్ మీద పని గురించి. చచ్చిన జెల్లీఫిష్ కుట్టదని కొత్త కలాసీలు నమ్ముతారు. కుట్టే కణాలకు ప్రాణంతో పని లేదు, తెగిపడిన ముక్క కూడా కుడుతుంది. మోచేతుల దాకా చేతి తొడుగులు, కళ్లకు అద్దాలు తప్పనిసరి, ఎందుకంటే వల దులిపినప్పుడు తుంపర ముందుగా పడేది కళ్లలోనే. ఎవరికైనా కుట్టితే సముద్రపు నీటితోనే కడుగు, మంచినీటితో కడగవద్దు, ఇసుకతో రుద్దవద్దు. మిగిలిన తంతువులను పట్టకారుతో తీసి, ఓర్చుకోగలిగినంత వేడి నీటిలో ఇరవై నిమిషాలు ఉంచితే నొప్పి తగ్గుతుంది. వెనిగర్ పోయమని ఎవరో ఒకరు చెప్పి తీరతారు. పెట్టె ఆకారపు జెల్లీఫిష్‌కు అది పనికివస్తుంది గాని, నోమురా జాతి విషయంలో అది మిగిలిన కణాలను కూడా పేల్చుతుందని కొరియా పరిశోధకులు చూపించారు. ఏది కుట్టిందో తెలియనప్పుడు వెనిగర్ జోలికి పోవద్దు. ఊపిరి ఆడకపోయినా, ముఖం వాచినా మందు వెతుక్కుంటూ కూర్చోకుండా పడవను ఒడ్డుకు తిప్పు. చేపల సంగతి తొందరగానే చెబుతాను: జిగురు పట్టిన చేప రంగు మారి ధర పడిపోతుంది, కాబట్టి వెంటనే సముద్రపు నీటితో కడిగి, మచ్చపడినదాన్ని వేరు చేసి, మిగతాదాన్ని మంచులో పెట్టు.

పట్టుబడిన జెల్లీఫిష్‌లను ముక్కలు చేసి పారేయాలని నీకు అనిపిస్తుంది. దక్షిణ కొరియాలో ఆ పని కోసం 2013లో కైస్ట్ అనే సాంకేతిక పరిశోధన సంస్థవాళ్లు జెరోస్ అనే తేలే రోబోలను కూడా దింపారు. ఒక రేవునో, నీళ్లు తోడుకునే కర్మాగారాన్నో కాపాడటానికి అది సరే. పడవ మీద కోపంతో నరకడం మాత్రం శుద్ధ దండగ. ముక్కలు పక్క పడవ వలకు అంటుకుని వాళ్ల చేతులను కుడతాయి. వదిలేటప్పుడు కూడా ఇతరుల వలలకు ప్రవాహం ఎగువన వదలకు. పట్టి అమ్ముకోవచ్చు కదా అంటావేమో. చైనాలో వెయ్యేళ్లకు పైగా తింటున్నారు, నిజమే. కానీ వాళ్లు ఇష్టపడేది ముఖ్యంగా రోపిలెమా అనే వేరే జాతి, దాన్ని ఉప్పు, పటిక కలిపి వారాల పాటు ఊరబెట్టాలి, ఆ పని పట్టిన కొద్ది గంటల్లోనే మొదలుకావాలి. కొనేవాడు ముందే రేవులో నిలబడి ఉంటే తప్ప అటు చూడవద్దు.

ఇవి ఎందుకు పెరుగుతున్నాయని అడిగితే శాస్త్రవేత్తలు ఒక్క కారణం చెప్పరు: నీరు వేడెక్కడం, నదులు మోసుకొచ్చే ఎరువులు, పాలిప్‌లు అంటుకోవడానికి వీలైన కట్టడాలు, చేపలను అతిగా పట్టడం, అన్నీ చెబుతారు. చివరిదానిలో మాకూ వాటా ఉన్నది కనుక దాచను. నమీబియా తీరంలో సార్డీన్ చేపలను అతిగా పట్టి ఆ వేట కూలిపోయిన తర్వాత, అక్కడ చేసిన సర్వేలో జెల్లీఫిష్ 1.22 కోట్ల టన్నులు, చేపలు 36 లక్షల టన్నులు ఉన్నట్లు తేలిందని 2006లో ప్రచురించారు. చేపలకు ఆహారమయ్యే చిన్న చిన్న తేలే జీవులనే జెల్లీఫిష్ కూడా తింటుంది, పైగా చేప గుడ్లనూ పిల్లలనూ తింటుంది. ఒకసారి అది పైచేయి సాధిస్తే చేపకు తిరిగి లేవడం కష్టం. మా తరం సన్న కన్నుల సంచులు వాడింది, నేనూ వాడాను, పిల్లచేపలను తట్టలతో ఒడ్డుకు తెచ్చాను. నీ సంచి కన్ను వెడల్పు విషయంలో నా మాట విను, నేను చేసినదాన్ని చూడకు.

బయలుదేరే ముందు రోజు, రేవులోనే, సంచిలో ఇసుక బస్తాలు నింపి వించ్‌తో కొంచెం పైకి ఎత్తి, వయసులో అందరికన్నా చిన్న కలాసీ చేత ఆ ముడి తాడును లాగించు. విడిపోవడానికి ఎన్ని సెకన్లు పట్టిందో నాకు రాయి. అయిదు దాటితే ముడి మార్చి మళ్లీ లాగించు.

ఇట్లు,
మీ మామయ్య