మిగ్ విమానాల వాయిదాలు, గుంటూరు పొగాకు

"ఆయుధాల పోటీ వల్లే సోవియట్ యూనియన్ దివాలా తీసిందా? అదే పోటీలో ఉన్న అమెరికాకు ఏమీ కాలేదెందుకు? రేపు మనకూ, పాకిస్తాన్‌కూ అదే గతి పడుతుందా?" అని అడిగారు. నేను ఆర్థికవేత్తను కాను. 80ల చివర్లో, 90ల మొదట్లో గుంటూరులో ఒక పొగాకు ఎగుమతి కంపెనీలో లెక్కలు రాశాను. ఈ ప్రశ్నకు జవాబులో కొంత భాగం ఆ లెక్కల పుస్తకాల్లోనే ఉంది.

అప్పట్లో మన వర్జీనియా పొగాకుకు పెద్ద గిరాకీ రష్యా నుంచే. వాళ్లు డాలర్లు ఇచ్చేవాళ్లు కాదు, మనం అడిగేవాళ్లమూ కాదు. మన ప్రభుత్వం వాళ్ల దగ్గర మిగ్ యుద్ధ విమానాలు, ట్యాంకులు, జలాంతర్గాములు తక్కువ వడ్డీకి అప్పు మీద తెచ్చుకునేది. ఆ వాయిదాలు రూపాయల్లో కట్టేది. ఆ రూపాయలు ఇక్కడి ఖాతాలోనే ఉండేవి, వాటితో సోవియట్ వాళ్లు మన సరుకే కొనాలి. టీ, కాఫీ, జీడిపప్పు, మిరియాలు, బనియన్లు, మన పొగాకు. అంటే మిగ్‌కు కట్టే వాయిదాలో కొంత మన బ్యారన్లలో, అంటే పచ్చి ఆకును వేడికి ఆరబెట్టే కొట్లలో ఎండి, షెడ్లలో గ్రేడింగ్ అయి వెళ్లేదన్నమాట. మా షెడ్లో పొగాకు కేసుల (పెట్టెల) మీద రష్యన్ అక్షరాలు స్టెన్సిల్ కొట్టే కుర్రాడొకడు ఉండేవాడు. వాడికి ఒక్క అక్షరం చదవడం రాదు, కానీ 'తిరగబడ్డ ఆర్' ఎక్కడ పడాలో మాత్రం ఎప్పుడూ తప్పేవాడు కాదు.

ఇక అటువైపు. 80ల్లో అమెరికా తన జీడీపీలో 6 శాతం దాకా రక్షణకు పెట్టేది. సోవియట్ ఆర్థిక వ్యవస్థ దానిలో సగం కూడా ఉంటుందో లేదో. తూటాకు తూటా సమానం కావాలంటే రెట్టింపు వాటా పెట్టాలి కదా. 12 నుంచి 20 శాతం దాకా పోయి ఉంటుందని రకరకాల అంచనాలు. అసలు లెక్క అక్కడి ప్రజలకే చెప్పలేదు. ఏళ్ల తరబడి బడ్జెట్లో 2,000 కోట్ల రూబుళ్ల చిల్లర చూపించి, 1989 మేలో సోవియట్ అధినేత గోర్బచేవ్ నోరు విప్పితే అది 7,730 కోట్లు అయింది. అదైనా పూర్తి లెక్క అని ఎవరూ నమ్మలేదు.

నా దృష్టిలో డబ్బు కంటే పెద్ద నష్టం ఇంకొకటి. పొగాకులో మేలు రకం ఎగుమతికి తీసేసి, మిగిలిన తుక్కు లోకల్‌కు వదిలేస్తాం. వాళ్ల దేశంలో ప్రతి వస్తువులోనూ అదే జరిగింది. మంచి ఉక్కు, మంచి ఇంజనీర్లు, మంచి మెషీన్లు ముందు ఆయుధ కర్మాగారాలకు. మిగిలింది జనానికి. 1986 నాటికి ఆ దేశం దగ్గర దాదాపు 40,000 అణ్వాయుధాలు ఉన్నాయి. 1990 వేసవికొచ్చేసరికి ఫిల్టర్లు లేక, విడిభాగాలు లేక సిగరెట్ ఫ్యాక్టరీలు మూతపడి, పొగ దొరక్క జనం రోడ్లెక్కారు. చివరికి ఆ దేశం ఫిలిప్ మోరిస్‌కు, ఆర్.జె.రేనాల్డ్స్‌కు కలిపి 3,400 కోట్ల సిగరెట్లు ఆర్డరిచ్చింది. రెండూ అమెరికా కంపెనీలే!

అయితే ఆయుధాలొక్కటే ముంచాయనడం సరికాదు. 1986లో చమురు ధర కుప్పకూలింది. చమురు అమ్మి తిండిగింజలు బయటి నుంచి కొనుక్కునే దేశానికి అది గట్టి దెబ్బ. ధరలన్నీ ప్రభుత్వమే నిర్ణయించడం ఎప్పటి నుంచో ఉన్న జబ్బు. ఇన్ని మీద పడ్డప్పుడు సర్దుకోవడానికి చేతిలో ఏమీ మిగలకుండా చేసింది మాత్రం ఆయుధ ఖర్చే.

1991 డిసెంబరులో ఆ దేశమే లేకుండా పోయింది. ఆర్డర్లు ఆగాయి. స్టెన్సిల్ కొట్టిన కేసులు గోడౌన్లో కప్పు దాకా పేరుకున్నాయి, బ్యాంకు వడ్డీ మాత్రం ఆగలేదు. సీజన్ మధ్యలో గ్రేడింగ్ ఆడవాళ్లను ఇళ్లకు పంపేశారు. వాళ్లలో ఒకామె కూలి లెక్క తీసుకుంటూ, "రష్యావోళ్లు సిగరెట్లు మానేశారా ఏంది బాబూ?" అని అడిగింది. మాకూ జీతాలు రెండేసి నెలలు ఆలస్యమయ్యేవి. తర్వాత 1993 జనవరిలో రష్యా అధ్యక్షుడు యెల్త్సిన్ ఢిల్లీ వచ్చినప్పుడు మనం కట్టాల్సిన పాత అప్పు తేల్చారు. పెద్ద భాగం 12 ఏళ్లలో, మిగిలింది వడ్డీ లేకుండా 45 ఏళ్లలో కట్టాలని ఒప్పందం. ఆ రూపాయలతో కొనుగోళ్లు మళ్లీ మొదలయ్యాయి కానీ, పాత జోరు నేను అక్కడ ఉన్నంతకాలం రాలేదు.

అమెరికాకు ఏమీ కాలేదనడమూ నిజం కాదు. 1940 నుంచి 1996 దాకా ఒక్క అణ్వాయుధాలకే 5.5 లక్షల కోట్ల డాలర్లు పెట్టిందని అక్కడి బ్రూకింగ్స్ పరిశోధన సంస్థ లెక్క తేల్చింది. 80ల్లో అధ్యక్షుడు రీగన్ ఎనిమిదేళ్లలో దేశం అప్పు లక్ష కోట్ల డాలర్ల లోపు నుంచి 2.6 లక్షల కోట్లకు పెరిగింది. అందులో పన్నుల తగ్గింపు వాటా కూడా ఉంది. కాకపోతే వాళ్లది డాలర్. ప్రపంచమంతా అప్పివ్వడానికి క్యూ కడుతుంది. రూబులుకు ఆ యోగం లేదు.

మన సంగతి: 2025-26 రక్షణ బడ్జెట్ 6.81 లక్షల కోట్లు, జీడీపీలో 2 శాతం లోపే. సోవియట్‌తో పోలికే లేదు. మీరు ఆందోళన పడాలంటే అందులో పింఛన్లకే దాదాపు 1.6 లక్షల కోట్లు పోవడం చూడండి, కొత్త ఆయుధాలకు మిగిలేది దాన్ని బట్టి ఉంటుంది. పాకిస్తాన్ పరిస్థితి వేరు. అక్కడ బడ్జెట్లో అన్నిటికంటే పెద్ద పద్దు అప్పుల వడ్డీ, ఆ తర్వాత సైన్యం. 2024లో ఐఎంఎఫ్ (అంతర్జాతీయ ద్రవ్యనిధి) దగ్గర 700 కోట్ల డాలర్ల కొత్త అప్పు ఒప్పుకుని కూడా సైన్యం పద్దు పెంచుతూనే ఉన్నారు.