రెప్లికాలు చేస్తానంటున్న మా అమ్మలుకి

అమ్మలూ,

నువ్వు ఉద్యోగం మానేసి పాతకాలం వస్తువులకి రెప్లికాలు చేసే వర్క్‌షాప్ పెడుతున్నావని మీ నాన్న ఫోన్ చేసి చెప్పాడు. అత్త అయినా వద్దంటుందేమో అన్న ఆశ ఆ గొంతులో తెలుస్తూనే ఉంది. నేను వద్దనను. మ్యూజియం మౌల్డింగ్ సెక్షన్‌లో ప్లాస్టర్ కలుపుతూనే రిటైరైన మనిషిని, మన ఇంట్లో ఇంకొకళ్లు ఈ పని పట్టుకుంటున్నారంటే నాకు ఎంత గర్వంగా ఉందో నీకు చెప్పలేను. కానీ ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ఎందుకంటే నీ చెయ్యి నాకు తెలుసు. నువ్వు పంపిన ఆ మట్టి ప్రమిద కాపీ ఫోటోలో ఏది అసలో ఏది నువ్వు చేసిందో తేల్చుకోడానికి నాకే కాసేపు పట్టింది. అంత బాగా వచ్చే చెయ్యి ఉన్నవాళ్లకే ఈ పనిలో ప్రమాదం తల్లీ, అందుకే కూర్చుని ఇదంతా రాస్తున్నా.

మామూలు సంగతులు గబగబా చెప్పేస్తా. వస్తువు ఎవరిదో వాళ్ల దగ్గర పర్మిషన్ కాయితం మీద తీసుకో. రెజిన్‌తో పని చేస్తే మాస్క్, గాలి ఆడే గది, ఇందులో బద్ధకం వద్దు. కొలతలు ఫోటో చూసి కాదు, మందం వెడల్పు పట్టి కొలిచే కాలిపర్‌తో తీసుకో. కంచు పోత చల్లారాక కుంచించుకుపోతుంది, నూటికి ఒకటిన్నర రెండు వంతులు తగ్గుతుంది, అది ముందే లెక్క వేసుకో. వెనకవైపు, అడుగు కూడా కొలిచి ఫోటో తియ్యి, అందరూ ముందు భాగం చూసి వదిలేస్తారు.

అసలు వస్తువు మీద ఏదీ పూయొద్దు. ఇది మాత్రం గబగబా చెప్పేది కాదు. సిలికాన్ రబ్బర్ ఏమీ చెయ్యదు అని అమ్మేవాళ్లు చెప్తారు, గుల్లగా ఉన్న రాయి మీద పోసి చూడు, దాని నూనె లోపలికి ఇంకి మరక అలాగే ఉండిపోతుంది. ఈజిప్టులో మొదటి సేతి అనే పాతకాలపు రాజు సమాధి ఉంది కదా, 1817లో బెల్జోనీ అనే ఇటలీ మనిషి కనిపెట్టాడు, గోడల నిండా రంగులు నిన్న వేసినట్టు ఉన్నాయట. ఆయన కాపీ కోసం ఆ గోడల మీద మైనంతో అచ్చులు తీశాడు, తర్వాత వచ్చినవాళ్లు తడి కాయితం అద్ది అచ్చులు తీశారు, ఆ కాయితంతో పాటే రంగూ ఊడొచ్చింది. వాళ్లేం దొంగలు కాదు, ఆ బొమ్మలంటే ప్రాణం పెట్టినవాళ్లే. ఇప్పుడు ఊడిపోయిన చోట రంగులు ఎలా ఉండేవో తెలుసుకోవాలంటే బెల్జోనీ వాళ్లు అప్పట్లో వేసుకున్న వాటర్‌కలర్ కాపీల్లాంటివే దిక్కు. కాబట్టి నువ్వు త్రీడీ స్కాన్ చేసుకో, చుట్టూ తీసిన ఫోటోల నుంచి ఆకారం కట్టే ఫోటోగ్రామెట్రీ చేసుకో, మెరుపు రాకుండా లైట్లకీ లెన్స్‌కీ పోలరైజర్ ఫిల్టర్ పెట్టుకో, రంగులు సరిచూసుకోడానికి పక్కన కలర్ కార్డ్ పెట్టు. మా రోజుల్లో ఈ సౌకర్యాలు ఉంటే ఎన్ని విగ్రహాలు మా నూనె చేతులు తప్పించుకునేవో.

ఇంకోటి, ఏ వయసులో ఉన్న వస్తువుని కాపీ చేస్తున్నావో ముందే తేల్చుకో. కొత్తగా చేసిన రోజు ఎలా ఉండేదో అలాగా, మట్టిలోంచి తీసిన రోజు ఉన్నట్టా, ఇవాళ అద్దాల బీరువాలో ఉన్నట్టా. మూడూ కలిపేస్తే అది ఏ కాలంలోనూ లేని వస్తువైపోతుంది. టుటన్‌ఖామెన్ అనే ఈజిప్టు రాజు సమాధికి చేసిన కాపీని 2014లో అక్కడే లక్సర్ ఊరి దగ్గర పెట్టారు, అందులో గోడల మీద ఉన్న గోధుమరంగు మచ్చల్ని కూడా ఉన్నవి ఉన్నట్టు దించారు. ఆ సమాధి కనిపెట్టిన కార్టర్ వాళ్లు లోపలి సామాను బయటికి తియ్యడానికి అడ్డుగోడ పగలగొట్టినప్పుడు బొమ్మల్లో ఒక ముక్క పోయింది, పాత ఫోటోలు చూసి దాన్ని మళ్లీ తయారుచేశారు, కానీ గోడలో కలిపెయ్యలేదు, విడిగా పెట్టి ఇది ఇలా పోయింది అని చెప్పారు. నాకు ఆ పని చూసి చాలా గౌరవం కలిగింది. తెలిసిందేదో ఊహించిందేదో చూసేవాడికి తెలిసిపోవాలి.

ఇప్పుడు నా భయం చెప్తా, దీనికోసమే ఈ ఉత్తరం. మా సెక్షన్‌లో ఒక మాస్టారు ఉండేవారు, నాకు చేతిలో చెయ్యి పెట్టి పని నేర్పించిన మనిషి. ఆయన ఒక ప్రైవేట్ పార్టీకి చిన్న కంచు విగ్రహం కాపీ చేసి ఇచ్చారు. అడుగున ఇది కాపీ అని గుర్తు వెయ్యబోతుంటే ఆ పార్టీ, మాస్టారూ ఇంట్లో పెట్టుకునేదే కదా, ఆ గుర్తు ఉంటే అందం పోతుంది అన్నాడు, ఆయన మొహమాటపడి వదిలేశారు. అంతే జరిగింది. చాలా ఏళ్ల తర్వాత ఒక కుర్రాడు దూదిలో చుట్టిన విగ్రహం తెచ్చి, మా నాన్న ఉన్నదంతా పెట్టి కొన్నాడు, పాతది అని ఒక ముక్క రాసివ్వండి అని అడిగాడు. మాస్టారు దాన్ని తిప్పి ఎడమ చెవి వెనక వేలు పెట్టి తడిమారు. అక్కడ పోతలో గాలి బుడగ వచ్చి గుంట పడితే ఆయనే చిన్న కంచు ముక్క కొట్టి పూడ్చారు, ఆ అతుకు గోటికి తగిలింది. ఇది నేను చేసింది బాబూ అన్నారు. ఆ కుర్రాడు నమ్మలేదు, మీకు తెలీదు అని గట్టిగా అరిచాడు, తర్వాత మెట్ల మీద కూర్చుని ఏడ్చాడు. మాస్టారిది చట్టప్రకారం తప్పు కాదని అందరం చెప్పాం, ఆయన వినలేదు, ఆ తర్వాత ప్రైవేట్ పని అంటే దండం పెట్టేసేవారు. ఎంత గొప్ప చెయ్యో అది, ఒక్క మొహమాటంతో ఆగిపోయింది.

ఆయన ఒక్కడికే జరిగిందనుకోకు. 1896లో ప్యారిస్ లూవ్ర్ మ్యూజియం ఒక బంగారు కిరీటం కొన్నది, పూర్వం నల్లసముద్రం వైపు ఉండే సిథియన్లలో సైతఫర్నెస్ అనే రాజుకి గ్రీకులు ఇచ్చింది అన్నారు, రెండు లక్షల ఫ్రాంకులు పోశారు. జర్మన్ పండితుడు ఫుర్ట్‌వాంగ్లర్ అది పాతది కాదని మొదట్నుంచీ చెప్తూనే ఉన్నాడు, వినలేదు. చివరికి 1903లో తేలింది, దాన్ని చేసింది ఒడెస్సాలో ఉన్న రుఖొమోవ్‌స్కీ అనే కంసాలి. ఒక పండితుడికి బహుమతి ఇవ్వాలని చెప్పి చేయించుకున్నారు, దాన్ని ఎక్కడ ఏమని అమ్మారో ఆయనకి తెలీదు. ప్యారిస్ వెళ్లి, వాళ్ల కళ్ల ముందే అందులో ఒక భాగం మళ్లీ చేసి చూపిస్తే గానీ నమ్మలేదు. ఆ పనితనానికి తర్వాత ఆయనకి బంగారు పతకం కూడా ఇచ్చారు. అదే కిరీటం, అదే చెయ్యి, అదే బంగారం. వస్తువులో ఏం మారలేదు, దాని గురించి చెప్పిన మాట మారింది. రెప్లికాకీ మోసానికీ మధ్య ఉన్నది ఆ మాటే, ఆ మాట నువ్వు వస్తువు మీదే చెక్కకపోతే నీ తర్వాత ఎవడైనా మార్చేస్తాడు.

అందుకని ఒసేయ్ పిల్లా, గుర్తు లేకుండా ఒక్క ముక్క కూడా బయటికి పంపొద్దు, మీ నాన్న అడిగినా నేను అడిగినా సరే. స్టిక్కర్ కాదు, ఇంకు కాదు, అవి ఒక్క తుడుపుతో పోతాయి. కంచు పొయ్యకముందు మైనంతో చేసే నమూనా మీదే లోతుగా చెక్కు, పోతతో పాటు రావాలి, ఎవరైనా ఆకురాయితో అరగదీస్తే ఆ చోట గుంట కనపడాలి. వీలైతే లోపలివైపు, చెయ్యి పట్టని చోట ఇంకోటి. నీ పేరు, సంవత్సరం, రెప్లికా అన్న మాట. బ్రిటిష్ మ్యూజియంలో రాబర్ట్ రెడీ అని ఒకాయన నాణేలకి ఎలక్ట్రోటైప్‌లు, అంటే కరెంటుతో లోహం పేర్చి తీసే కాపీలు, చేసేవాడు, అంచు మీద తన అక్షరాలు కొట్టేవాడు, ఇప్పటికీ నాణేలవాళ్లు ముందు ఆ అంచే చూస్తారు. అమెరికాలో 1973లో చట్టమే చేశారు, నాణేల కాపీల మీద కాపీ అని ఉండాల్సిందే అని. ప్రతి ముక్కకీ రిజిస్టర్ రాయి, ఏ అసలు నుంచి, ఏ రోజు స్కాన్ చేశావు, ఏం మెటీరియల్, ఎక్కడ ఊహించావు, ఎవరికిచ్చావు. పాతగా కనపడాలని యాసిడ్ పోసి మట్టిలో పాతిపెట్టి ఇమ్మని అడిగేవాళ్లు వస్తారు, ఎక్కువ డబ్బు ఇస్తామంటారు. అప్పుడు మాస్టార్ని గుర్తు తెచ్చుకో. ఆయన్ని నువ్వు చూడలేదు, అయినా తెచ్చుకో.

గుర్తు ఉంటే విలువ పోతుందని ఎవరైనా అంటే నమ్మకు. రేపు నిన్ను డూప్లికేట్లు చేసేది అంటారు, నన్నూ అన్నారు, నాకు చాలా బాధ వేసేది. అచ్చులో ప్లాస్టర్ పోసి తీసిన కాపీలు, అదే కాస్టులంటే చవకబారు అనుకుని పోయిన శతాబ్దంలో ఎన్ని మ్యూజియంలు వాటిని బయట పడేశాయో. లండన్‌లో విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియం ఉంచుకుంది. రోమ్‌లో ఒళ్లంతా బొమ్మలు చెక్కిన ట్రాజన్ స్తంభానికి 1860ల్లో తీసిన అచ్చుల కాస్ట్ అక్కడ ఉంది, హాలు ఎత్తు చాలక రెండు ముక్కలుగా నిలబెట్టారు. అసలు స్తంభం ఊరి పొగకీ వానకీ అరిగిపోయింది, దాని మీద ఇవాళ సరిగ్గా కనపడని గీతలు ప్లాస్టర్ మీద ఇంకా ఉన్నాయి. ఇప్పుడు పండితులు ఆ కాపీ దగ్గరికి వస్తున్నారు.

ఫ్రాన్స్‌లో ఆదిమానవులు గోడల మీద బొమ్మలు వేసిన లాస్కో గుహ సంగతి చూడు, 1940లో దొరికింది, జనం ఊపిరికే గోడలు పాడవుతుంటే 1963లో మూసేశారు. దగ్గర్లోనే కాపీ గుహ కట్టి 1983లో తెరిచారు, మోనిక్ పేత్రాల్ అనే చిత్రకారిణి ఏళ్ల తరబడి అప్పటివాళ్లు వాడినలాంటి రంగుమట్టితోనే ఆ ఎద్దుల్ని వేసింది. అది కాపీ అని టికెట్ కొన్నప్పుడే అందరికీ తెలుసు, అయినా చూసేవాళ్ల కళ్లు చెమరుస్తాయి. దాన్ని అబద్ధం అని ఎవరంటారు? అక్కడ ఒక మనిషి పాతకాలపు మనిషి చెయ్యి కదిలిన దారిలో తన చెయ్యి కదిపింది. 1994లో జపాన్‌లోని నారాలో అసలైనతనం గురించి ఒక డాక్యుమెంట్ రాసుకున్నారు, అందులో మెటీరియల్ ఒక్కటే చూడొద్దు, రూపం, వాడకం, పనితనం, సంప్రదాయం కూడా చూడండి అని ఉంది. పనితనం అన్న మాట అక్కడ ఉండటం నాకు ఇష్టం. అందుకే చెప్తున్నా, త్రీడీ ప్రింటర్‌లోంచి వచ్చిందే అమ్మెయ్యకు. ప్రింట్ కొలతలకి పనికొస్తుంది, ఆకారం ఇస్తుంది, కానీ ఉలి ఎటు నుంచి పడిందో, ఎక్కడ ఆగిందో నీ చేత్తో ఒక్కసారైనా చేస్తేనే తెలుస్తుంది. చూపు సరిగ్గా లేనివాళ్లు తడిమి చూడటానికి కొన్ని చెయ్యి, స్కూళ్లకి కొన్ని చెయ్యి. అసలు వస్తువుని పిల్లలు ముట్టుకోలేరు కదా, నీది ముట్టుకోవచ్చు, దాని బరువు చేతికి తెలుస్తుంది.

టైముకి తిను, డబ్బులు చాలకపోతే నన్ను అడుగు, మీ నాన్నతో నేను మాట్లాడతా. నా కాలిపర్లు, చెక్క హ్యాండిల్ స్పాచులాలు నూనె రాసి ప్యాక్ చేస్తున్నా, వచ్చే వారం అందుతాయి. మొదటి ముక్క పోశాక ముందు అడుగు భాగం ఫోటో పంపు, మిగతాది తర్వాత చూస్తా.

మీ అత్త