చిత్తుప్రతుల దగ్గర కాసేపు

చిరంజీవికి ఆశీస్సులు.

నీ ఉత్తరం, దాంతోపాటు నవల మొదటి ఆరు అధ్యాయాలు అందాయి. నవల సంగతి చివర్లో చెప్తాను. ఉత్తరంలో ఒక మాట దగ్గర నా మనసు ఆగిపోయింది. రష్యన్ నవలాకారుడు దొస్తోయెవ్‌స్కీ జీవితచరిత్ర చదివాక "ఇలాంటి కష్టాలేవీ పడని నేను ఏం రాయగలను" అనిపించిందన్నావు. అప్పటినుంచి నెల రోజులుగా ఒక్క పేజీ రాయలేదన్నావు. చదివి చాలా బాధపడ్డాను బాబూ.

ఇందులో నీ తప్పేం లేదు. ఆయన గురించి మన చేతికి ముందుగా వచ్చే రాతలన్నీ మరణశిక్ష, సైబీరియా, మూర్ఛరోగం, జూదం అనే నాలుగు సంగతుల చుట్టూనే తిరుగుతాయి. నీ వయసులో నేనూ అవే చదివి, కష్టం పిండితే సాహిత్యం వస్తుందని నమ్మాను. ఆ నమ్మకం పోవడానికి నాకు చాలా ఏళ్ళు పట్టింది. నీకు అన్నేళ్ళు పట్టకూడదనే ఈ ఉత్తరం.

1849 డిసెంబరులో ఆయన్నీ, తోటి ఖైదీలనీ పీటర్స్‌బర్గ్‌లోని సెమ్యోనొవ్‌స్కీ మైదానానికి తీసుకెళ్ళి మరణశిక్ష చదివి వినిపించారు. మొదటి ముగ్గుర్నీ స్తంభాలకు కట్టి, తుపాకులు ఎక్కుపెట్టాక, శిక్షని సైబీరియా ఖైదుగా తగ్గించామని చెప్పారు. ఇంతవరకూ అందరికీ తెలుసు. అదే రోజు, తనని ఖైదు చేసిన కోటలోని గదికి తిరిగొచ్చి అన్న మిహయిల్‌కి ఆయన రాసిన ఉత్తరం మాత్రం తప్పకుండా చదువు. బతికి బయటపడ్డ ఆనందం అందులో ఉంది. దాని పక్కనే ఇంకో భయం కూడా ఉంది. రాయనివ్వకపోతే నేను నశించిపోతాను, చేతిలో కలం ఉంటే పదిహేనేళ్ళ జైలైనా నయమే అంటాడు. చావు తప్పిన కొన్ని గంటలకే ఆయన బెంగ కలం గురించి. ఆ బెంగ మైదానంలో పుట్టింది కాదు. అప్పటికే 'పేదజనం' రాసి, దాని తర్వాతి పుస్తకానికి తిట్లు తిని, అయినా రాయడం మానని మనిషి బెంగ అది.

జోసెఫ్ ఫ్రాంక్ రాసిన అయిదు సంపుటాల జీవితచరిత్ర పేరు నువ్వు వినే ఉంటావు. మొదటిది 1976లో, చివరిది 2002లో వచ్చాయి. అంత పెద్దదా అని టెన్షన్ పడకు. మొదటినుంచే మొదలుపెట్టాలని కూడా లేదు. నాకు ఆబిడ్స్ ఆదివారం సంతలో, పేవ్‌మెంట్ మీద, నాలుగో సంపుటం ఒక్కటే దొరికింది. అదే నా అదృష్టమైంది. అది 1865 నుంచి 1871 దాకా నడుస్తుంది. 'నేరం-శిక్ష', 'జూదరి', 'ఇడియట్' అన్నీ ఆ ఏళ్ళలోనివే. ఫ్రాంక్ జీవితంలోంచి రచనలోకి నడవడు, రచన దగ్గర నిలబడి జీవితంలోకి చూస్తాడు. నవల అర్థం కావడానికి అక్కరకొచ్చే సంఘటన దగ్గర ఎంతసేపైనా ఆగుతాడు, అక్కర్లేనిదాన్ని దాటేస్తాడు. రాసేవాళ్ళకి కావలసిన జీవితచరిత్ర ఇదే అని నా నమ్మకం.

అందులో నాకు అన్నిటికంటే ఇష్టమైన చోటు చెప్తాను. 1865 చివర. అన్న చనిపోయి ఏడాది దాటింది, ఆయన నడిపిన పత్రిక అప్పులు ఇతని నెత్తినున్నాయి. అంతకుముందే జర్మనీలోని వీస్‌బాడెన్‌లో రూలెట్ జూదం ఆడి ఉన్నదంతా పోగొట్టుకున్నాడు. 'నేరం-శిక్ష' చాలావరకు రాసేసి ఉన్నాడు. పంపితే డబ్బులొస్తాయి. నవంబరు ఆఖరులో ఆ రాసిందంతా తగలబెట్టాడు. మూడు నెలల తర్వాత ఒక స్నేహితుడికి రాసిన ఉత్తరంలో కారణం చెప్పాడు: నాకే నచ్చలేదు, కొత్త రూపం, కొత్త పథకం నన్ను లాక్కెళ్ళాయి, మళ్ళీ మొదలుపెట్టాను.

ఆ కొత్త రూపం ఏమిటో ఆయన నోటుపుస్తకాల్లో కనిపిస్తుంది. అవి 1931లో రష్యాలో అచ్చయ్యాయి. మొదట ఆ కథ "నేను" అంటూ హంతకుడే చెప్పుకునే వాంగ్మూలం. దాంతో రచయిత ఎంత కుస్తీ పట్టాడో ఆ పేజీల్లో చూడొచ్చు. నేరం చేసి వణికిపోతున్నవాడు ఇంత వివరంగా ఎలా చెప్పగలడు? ఎప్పుడు, ఎవరికి చెబుతున్నట్టు? చివరికి, కథ అతను కాదు, రచయితగా నేను చెప్పాలి అని రాసుకున్నాడు. కనిపించకుండా, అన్నీ తెలిసి, కథానాయకుణ్ణి ఒక్క క్షణం కూడా వదలని ఒక చెప్పేవాణ్ణి తయారుచేసుకున్నాడు. ఆ హంతకుడు రస్కోల్నికోవ్ గదిలో మనకి ఊపిరాడనట్టు అనిపించేది అందుకే. ఆ ఉక్కిరిబిక్కిరి సైబీరియా నుంచి తిన్నగా నడిచి రాలేదు. ఒక సాంకేతిక సమస్యకి, కాగితాలు కాల్చుకుని మరీ వెతికిన జవాబు అది.

ఆయన భార్య ఆన్నా గ్రిగోర్యెవ్నా జ్ఞాపకాలు కూడా చదువు. ఆమె 1918లో పోయాక, 1925లో అచ్చయ్యాయి. 1866 అక్టోబరులో ఇరవయ్యేళ్ళ ఆన్నా షార్ట్‌హ్యాండ్ తీసుకోవడానికి ఆయన ఇంటికి వెళ్ళింది. నవంబరు ఒకటిలోగా కొత్త నవల ఇవ్వకపోతే తొమ్మిదేళ్ళపాటు ఆయన రచనలన్నీ పైసా ఇవ్వకుండా అచ్చేసుకునే హక్కు స్తెల్లోవ్‌స్కీ అనే ప్రచురణకర్తకి పోతుంది. తలా ఒక భాగం రాసిపెడతామని స్నేహితులన్నారు. ఇతరులు రాసినదాని మీద నా పేరు పెట్టుకోను అన్నాడాయన. రాత్రిళ్ళు నోట్సు రాసుకోవడం, మధ్యాహ్నం ఆమెకి చెప్పడం, ఆమె ఇంటికెళ్ళి సాపు ప్రతి రాసి మర్నాడు తేవడం. ఇరవయ్యారు రోజుల్లో 'జూదరి' పూర్తయింది. తీరా ఇవ్వబోతే ప్రచురణకర్త ఊళ్ళో లేడు. పోలీసు స్టేషన్‌లో రాతప్రతి అప్పగించి రసీదు తీసుకున్నారు. ఆ అధ్యాయాల్లో నన్ను పట్టేసింది గడువు కాదు, ఎన్ని పేజీలయ్యాయని ఆయన రోజూ ఆత్రంగా అడగడం. అంత పెద్ద రచయిత కూడా పేజీలు లెక్కపెట్టుకున్నాడు.

కానీ ఆ ఒక్క పుస్తకంతో ఆగకు. ఆమె 1867లో విదేశాల్లో షార్ట్‌హ్యాండ్‌లో రాసుకున్న డైరీ వేరే ఉంది. జ్ఞాపకాల్లో మెత్తబడిపోయిన, జర్మనీలోని బాడెన్-బాడెన్‌లో ఆయన జూదమాడిన రోజులు డైరీలో పచ్చిగా ఉంటాయి. నగలు, బట్టలు తాకట్టుకి వెళ్ళడం, గొడవలు, ఏడుపులు. ఒకే మనిషి గురించి ఒకే చెయ్యి రాసిన రెండు పుస్తకాలు ఇంత తేడాగా ఉంటే, ఇక బయటివాళ్ళ మాట ఏం చెప్పాలి? స్త్రాహొవ్ ఆయనకి మిత్రుడు. 1883లో అచ్చయిన మొదటి జీవితచరిత్రలో పెద్ద భాగం అతనిదే. అదే ఏడాది టాల్‌స్టాయ్‌కి రాసిన ఉత్తరంలో, ఆ పుస్తకం రాస్తున్నంతసేపూ నాకు అసహ్యం కలిగిందంటూ నీచమైన ఆరోపణలు చేశాడు. ఆ ఉత్తరం 1913లో అచ్చయింది. ఆన్నా తన జ్ఞాపకాల్లో దానికి గట్టిగా జవాబు చెప్పింది. అక్కడ ఆమె కోపం చూస్తే నాకు గొంతు పట్టేసింది.

మనోవిశ్లేషకుడు ఫ్రాయిడ్ 1928 వ్యాసం కూడా ఎదురవుతుంది నీకు. తండ్రి చావుకీ మూర్ఛకీ నవలలకీ ముడివేసిన వ్యాసం. తండ్రిని బానిస రైతులు చంపారన్న పుకారు ఉన్నమాట నిజమే, కానీ అధికారిక విచారణలో తేల్చింది సహజ మరణమని. ఫ్రాంక్ మొదటి సంపుటం చివర ఫ్రాయిడ్ వాదాన్ని ఒక్కొక్క వాస్తవంగా విప్పి చూపించాడు. ఆ అనుబంధం చదివితే, జీవితంలో ఒక గాయం చూపించి ఇదిగో నవల ఇక్కడ పుట్టిందని చెప్పేవాళ్ళని నువ్వు ఇక ఎప్పటికీ తేలిగ్గా నమ్మవు.

రష్యన్ విమర్శకుడు బహ్‌తిన్ పుస్తకం ఇప్పుడే వద్దు. నీ నవల పూర్తయ్యాక చదువు. దొస్తోయెవ్‌స్కీ పాత్రలు రచయిత చెప్పుచేతల్లో ఉండవనీ, ఎవరి గొంతు వాళ్ళదనీ ఆయన 1929లోనే రాశాడు. గొప్ప మాటే, కానీ రాస్తూ మధ్యలో సిద్ధాంతం చదివితే చెయ్యి బిగుసుకుపోతుంది.

ఇక నీ నవల. కష్టాల్లేవని బాధపడ్డావు కదా, నీ మూడో అధ్యాయంలో ఆ కుర్రాడు వాళ్ళ నాన్న చెక్ మీద సంతకం ఫోర్జరీ చేసి, రాత్రి భోజనం దగ్గర ఆయన పక్కనే కూర్చుని పప్పన్నం కలుపుకోవడం చదివి నేను పుస్తకం మూసి లేచి తిరిగాను. అది చాలు నీకు. కాకపోతే ఆ కుర్రాడే "నేను" అంటూ చెబుతున్నాడు. అంత భయంలో ఉన్నవాడు నాన్న చొక్కా గుండీల దాకా అంత పద్ధతిగా ఎలా చూశాడు? ఎవరికి చెబుతున్నాడు? ఆ ఒక్క అధ్యాయం "అతను" అని మార్చి రాసి చూడు, అతని భుజం వదలకుండా. బాగోకపోతే మళ్ళీ "నేను" దగ్గరికే రా, ఆ రాసిన కాగితాలు మాత్రం దాచు.

నాలుగో సంపుటం ఈ ఉత్తరంతోపాటే పంపుతున్నాను. ఆయన రాతప్రతి తగలబెట్టిన సంగతి ఉన్న చోట ఒక పాత బస్సు టికెట్ పెట్టి ఉంచాను. మూడో అధ్యాయం తిరగరాశాక పంపు, సంక్రాంతికి ఇంట్లోనే ఉంటాను.

ఆశీస్సులతో.