గద్దా, డేగా, రాబందా?

సందేహం: అడవిలో గద్దల గూళ్లను దూరం నుంచి గమనిస్తూ వివరాలు రాసుకునే బృందంలో నేనొకణ్ణి. మా పరిశీలనలను తెలుగులో కరపత్రంగా వేద్దామనుకుంటే పేర్ల దగ్గరే ఆగిపోయాము. ‘ఈగిల్’ను ఒకరు గ్రద్ద అంటారు, ఒకరు డేగ అంటారు, ఇంకొకరు గరుడపక్షి అంటారు, రాబందు అన్నవారూ ఉన్నారు. ‘బాల్డ్ ఈగిల్’ను ‘బట్టతల గద్ద’ అని రాస్తే ఒక మిత్రుడు నవ్వాడు, అది తప్పా? ‘సంరక్షణ’, ‘పరిరక్షణ’లలో ఏది తగినది? కరపత్రంలో మా మొదటి వాక్యం ఇది: ‘ఈ ప్రదేశమునందు డేగల సంరక్షణ జరుగుచున్నందున వీక్షకులు సహకరించవలెను.’ దీన్ని సరిదిద్దగలరా?

సమాధానం: ముందుగా సులువైనది చెబుతాను. గ్రద్ద, గద్ద రెండూ ఒకే మాట. ప్రొద్దు పొద్దు అయినట్లు, క్రొత్త కొత్త అయినట్లు, మ్రాను మాను అయినట్లు, గ్రద్దలోని రేఫ కూడా వాడుకలో జారిపోయింది. నేటి వచనంలో ‘గద్ద’ అనే రాయండి.

చిక్కంతా ఆ మాట పుట్టుకలో ఉంది. గద్దను మన వ్యాకర్తలు సంస్కృత ‘గృధ్ర’ శబ్దానికి వికృతిగా చెబుతారు. గృధ్ర శబ్దానికి మూలమైన ధాతువుకు అత్యాశపడటమని అర్థం; ఆ పేరు సంస్కృతంలో ప్రధానంగా రాబందుది. అమరకోశం చిల్లను (చిన్న గద్ద), గృధ్రాన్ని, శ్యేనాన్ని (డేగ) వేర్వేరుగానే చెప్పింది. రామాయణంలో జటాయువు గృధ్రరాజు. తెలుగులోకి వచ్చేసరికి ‘గద్ద’ కోడిపిల్లను తన్నుకుపోయే పక్షికి పేరై నిలిచింది, చచ్చిన జంతువును తినే పక్షికి ‘రాబందు’ అనే వేరే పేరు ఉంది. అందుకే మనలో చాలామంది జటాయువును గద్దగా ఊహించుకుంటారు. పుట్టుక ఏదైనా, ఒక మాటకు నేటి అర్థాన్ని నిర్ణయించేది వాడుక. కాబట్టి ‘ఈగిల్’కు గద్ద అనడమే సరైనదని నా అభిప్రాయం. అయితే తెలుగులో గద్ద అన్నమాట చిన్న గద్దలకూ పెద్ద గద్దలకూ ఉమ్మడిది కనుక, పక్కన విశేషణం తప్పక ఉండాలి: బంగారు గద్ద, సముద్రపు గద్ద, తెల్లతల గద్ద.

‘తన్నుకుపోవడం’ అన్న క్రియను ఒక్క క్షణం గమనించండి. ఎత్తుకుపోవడం అనలేదు, పొడుచుకుపోవడం అనలేదు. ఈ పక్షులు ఎరను పట్టేది ముక్కుతో కాదు, కాళ్లతో. ముక్కు పని ఆ తరువాత చీల్చి తినడం. ఏ శాస్త్రగ్రంథమూ చదవనివారు, కళ్లారా చూసి పెట్టిన మాట అది.

డేగ వేరు. చేతిమీద నిలిపి, మచ్చిక చేసి, ‘డేగవేట’ ఆడించిన పక్షి అది. సాళువము, బైరి ఆ కోవలోవే. శాస్త్రం కూడా ఇక్కడ మన భాషను కొంతవరకే సమర్థిస్తుంది: బైరి వంటివి గద్దల కుటుంబానికి చెందవు, జన్యు పరిశోధనల ప్రకారం అవి చిలుకలకే దగ్గర బంధువులు, డేగ అని పిలిచే ఇతర వేటపక్షులు మాత్రం గద్దల కుటుంబంలోనివే. కాబట్టి ‘డేగకన్ను’ అన్న జాతీయాన్ని జాతీయంగానే ఉంచండి. పెద్ద గద్దల చూపు మనిషి చూపుకంటే రెండు రెట్లకు మించి నిశితమైనదన్నది నిజమే, కాని ఆ సామ్యం చాలదు గద్దకు డేగ అని పేరు పెట్టడానికి. గరుడపక్షి కూడా వద్దు. తెలుగులో ఆ పేరు తల, రొమ్ము తెల్లగా, తక్కిన ఒళ్లు ఇటుకరంగులో ఉండే ఒక చిన్న గద్దకు స్థిరపడి ఉంది.

‘బట్టతల గద్ద’ విని నవ్విన మిత్రుడిది సరైన నవ్వే. ఆ పక్షి తలమీద దట్టంగా ఈకలుంటాయి. పాత ఇంగ్లీషులో ఆ విశేషణానికి తెల్లమచ్చ గల, తెల్లని అన్న అర్థం ఉండేది. ఆ అర్థం మరుగైపోయి పేరు మాత్రం మిగిలింది. దాని శాస్త్రీయనామంలోని ‘ల్యూకోసెఫలస్’కు గ్రీకులో తెల్లని తల కలది అనే అర్థం. కాబట్టి తెల్లతల గద్ద అనండి.

పేరులో పొరపాటు అయితే ఏమిటని మీ బృందంలో ఎవరైనా అడగవచ్చు. అమెరికాలో 1940లో తెల్లతల గద్దలను కాపాడే చట్టం వచ్చింది. ఆ పక్షికి తల తెల్లబడటానికి దాదాపు ఐదేళ్లు పడుతుంది. అంతవరకు అది ఒళ్లంతా ముదురు గోధుమ రంగులో, చూసేవారికి బంగారు గద్దలాగే ఉంటుంది. బంగారు గద్ద అనుకొని తెల్లతల గద్ద పిల్లలను కాల్చేవారు. 1962లో చట్టాన్ని బంగారు గద్దలకు కూడా వర్తింపజేయడానికి ఇదొక కారణం. ఇక రాబందుల కథ వేరు: పశువులకు వాడిన డైక్లోఫెనాక్ మందు, ఆ పశువుల కళేబరాలను తిన్న రాబందుల మూత్రపిండాలను చెడగొట్టి చంపింది, భారతదేశంలో పశువైద్యంలో దాన్ని 2006లో నిషేధించారు. తెల్లతల గద్దలను దెబ్బతీసినది డీడీటీ అనే పురుగుమందు. అది గుడ్డు పెంకును పలచబరిచింది, తల్లి పొదగడానికి కూర్చుంటే పెంకు పగిలిపోయేది. అమెరికాలో, అలాస్కాను మినహాయిస్తే, 1963 నాటికి లెక్కకు వచ్చిన జంటలు 417 మాత్రమే. 1972లో డీడీటీని నిషేధించారు, 2007లో ఆ పక్షిని ప్రమాదంలో ఉన్నవాటి జాబితా నుంచి తొలగించారు. గద్ద అనవలసినచోట రాబందు అని రాస్తే, ఒక పక్షి జబ్బుకు మరో పక్షి మందు రాసినట్లవుతుంది.

ఇక చూడటం, పరిశీలించడం, కాపాడటం. ‘వీక్షకులు’ అన్న మాట నాటకం చూసేవారికి బాగుంటుంది. ఒకే గూటిని రోజుల తరబడి చూసి రాసుకునేది పరిశీలన. పదవీ విరమణ చేసిన బ్యాంకు ఉద్యోగి చార్లెస్ బ్రోలీ 1939 నుంచి ఫ్లోరిడాలో చెట్లెక్కి వెయ్యికి పైగా గద్దపిల్లల కాళ్లకు రింగులు వేశాడు. ఏడాదికేడాది గూళ్లలో పిల్లలు తగ్గిపోతున్నాయని, కారణం డీడీటీ కావచ్చని ముందుగా చెప్పినవారిలో ఆయన ఒకడు. ఆయనను వీక్షకుడు అనగలమా?

సంరక్షణ అంటే బాగా రక్షించడం. అయితే వాడుకలో దానికి పోషణ ఛాయ వచ్చింది, శిశు సంరక్షణ అన్నట్లు. అడవి గద్దకు మనం తిండి పెట్టము, పెట్టకూడదు కూడా. ‘పరి’ ఉపసర్గకు ‘చుట్టూ’ అని అర్థం. తెల్లతల గద్దల గూటి చుట్టూ, చేసే పనినిబట్టి 330 అడుగులు, 660 అడుగులు ఎడం పాటించాలని అమెరికా మార్గదర్శకాలు చెబుతాయి. ఆ వలయమే ‘పరి’. కనుక పరిరక్షణ. ఇది నా మొగ్గు మాత్రమే. సంరక్షణ అన్నవారిని తప్పుపట్టను.

అయితే ఈ రెండింటికంటే నాకు నచ్చిన మాట ‘కాచు’. కనిపెట్టుకొని ఉండటం, రక్షించడం రెండూ ఆ ఒక్క క్రియలోనే ఉన్నాయి. కాపు, కాపలా, కాపరి, కాపాడు అన్నీ దాని చుట్టాలే. స్కాట్లండులోని గార్టెన్ సరస్సు దగ్గర 1958లో చేపలు పట్టే ఆస్ప్రే పక్షి గూటి నుంచి గుడ్లు దొంగిలించారు. మరుసటి ఏడాది గూటి జాడను దాచడం మానేసి, రేయింబవళ్లు మనుషులను కాపు ఉంచి, జనాన్ని దూరం నుంచి చూడనిచ్చారు. చూడటమే కాపాడటమైన ఆ పనికి ‘గూటి కాపు’ అనడం ఎంత హాయిగా ఉందో మీరే అని చూడండి.

మీ వాక్యాన్ని ఇలా మార్చాను: ‘ఇక్కడ తెల్లతల గద్దలు గూడు కట్టుకున్నాయి. మేము కాపు కాస్తున్నాము. దయచేసి దూరం నుంచే చూడండి.’ మీ గూటిలో ఉన్నది మరో రకం గద్ద అయితే ‘తెల్లతల’ అన్న మాట మార్చుకోండి.