ఒక కాలి బూటు

చి. అమ్మాయికి,

నీ కథ రెండుసార్లు చదివాను. సియోల్లో చదువుకుంటూ, మీ ఇంటి ఓనరు పెద్దాయన చెప్పిన 1987 కబుర్లతో, దక్షిణ కొరియా జనం సైనిక నియంత చున్ డూ-హ్వాన్ మీద తిరగబడ్డ నాటి కథ అల్లావు. సంతోషం. కానీ మొదటి పేజీలోనే "నియంతృత్వపు ఇనుప పాదాల కింద నలిగిన యువత" అన్నావు చూడు, అక్కడ నాకు ఆవులింత వచ్చింది. ఏమనుకోకు.

ఆ ఏడాది జనవరిలో పాక్ జొంగ్-చొల్ అనే విద్యార్థి పోలీసు విచారణలో చనిపోయాడు. దానికి పోలీసులు చెప్పిందేమిటో తెలుసా? బల్ల మీద 'తక్'మని కొడితే 'ఒక్' అని పడి చచ్చిపోయాడట! నిజానికి నీళ్ళలో తల ముంచి చంపారు. జనం ఎందుకు రోడ్డెక్కారో చెప్పడానికి ఆ రెండు చప్పుళ్ళు చాలు తల్లీ. నీ కథలో అవే లేవు.

జూన్ 9న యొన్సే యూనివర్సిటీ గేటు ముందు ఇ హన్-యొల్ అనే విద్యార్థి తలకి టియర్ గ్యాస్ షెల్ తగిలింది. జులై 5న పోయాడు. అతని బూట్లలో ఒకటే మిగిలింది. దాని అడుగు పొడిపొడిగా రాలిపోతుంటే 2015లో ముక్కలు అతికి నిలబెట్టారు. మీ సియోల్లోనే, అతని పేరిట ఉన్న మ్యూజియంలో ఉంది. వెళ్ళి చూసి రా, తర్వాత రాయి.

ఇక నీ పెద్దాయన. ప్రతి సీన్లోనూ ముందు వరసలోనే ఉంటాడు. ఇన్నేళ్ళు గడిచాక అందరూ ముందు వరసలోనే ఉంటారమ్మా. ఎమర్జెన్సీలో లోపలికెళ్ళామని మా ఊళ్ళో చెప్పుకునేవాళ్ళని లెక్కేస్తే రాజమండ్రి జైలు చాలదు. టియర్ గ్యాస్‌కి కళ్ళ కింద టూత్‌పేస్ట్ పూసుకునేవాళ్ళమని ఆయన నవ్వుతూ చెప్పాడని ఉత్తరంలో రాశావు. కథలో ఎందుకు తీసేశావు? హీరోకి బాగుండదనా?

జూన్ 29న ప్రత్యక్ష అధ్యక్ష ఎన్నికలకి ప్రభుత్వం ఒప్పుకోగానే కథ ముగించేశావు. అక్కడ ఆపితే సినిమా అవుతుంది. డిసెంబరులో ప్రతిపక్ష నాయకులు కిమ్ యంగ్-సామ్, కిమ్ డే-జంగ్ విడివిడిగా నిలబడ్డారు. ఓట్లు చీలాయి. చున్ డూ-హ్వాన్‌తో పాటు 1979 సైనిక కుట్రలో ఉన్న మాజీ జనరల్ రో టే-ఊ గెలిచాడు. అంతమంది రోడ్డెక్కింది ఇందుకా?

ఫలితాలొచ్చిన రాత్రి మీ పెద్దాయన ఎక్కడున్నాడు, ఎవరితో గొడవపడ్డాడు? అడుగు. వెంటనే చెప్పకపోతే తొందరపెట్టకు. లేచి వెళ్ళి టీ పెట్టుకుని రా.

ఆశీస్సులతో,
మీ మాస్టారు