అమెరికా కంపెనీ షేర్లే కోటి దాటాయి, రిస్క్ తగ్గాలంటే ఇంకో అమెరికా ఈటీఎఫ్ కొనాలా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇదీ: బెంగళూరు ఔటర్ రింగ్ రోడ్డులో అమెరికన్ కంపెనీలో ఉద్యోగం. ఆ కంపెనీ ఆర్ఎస్‌యూలు (జీతంలో భాగంగా ఇచ్చే కంపెనీ షేర్లు) 1.2 లక్షల డాలర్లు (డాలరు 90 అనుకుంటే 1.08 కోట్లు), ఇక్కడి నాస్‌డాక్ 100 (అమెరికా నాస్‌డాక్ ఎక్స్‌చేంజ్‌లోని వంద పెద్ద కంపెనీల సూచీ) ఫండ్‌లో 20 లక్షలు, ఇండియన్ మ్యూచువల్ ఫండ్లలో 45 లక్షలు, బెళ్లందూరులో లోన్ మీద ఫ్లాట్. "డైవర్సిఫై చేద్దామని ఎస్ అండ్ పీ 500 ఈటీఎఫ్ కొనాలనుకుంటున్నా, రూపాయి ఎలాగూ పడుతుంది కదా" అంటున్నారు. (ఈటీఎఫ్ అంటే షేరులా ఎక్స్‌చేంజ్‌లో కొనే ఫండ్, ఎస్ అండ్ పీ 500 అంటే అమెరికాలోని 500 పెద్ద కంపెనీల సూచీ.)

కొనకండి. ముందు ఉన్నది తగ్గించండి.

పైకి నాలుగు రకాల ఆస్తుల్లా ఉన్నాయి గానీ, అది ఒకే డాబా మీద నాలుగు చాపల్లో వడియాలు ఆరబెట్టినట్టే. జీతం ఆ కంపెనీదే, షేర్లూ ఆ కంపెనీవే. నాస్‌డాక్ 100ని నడిపేది గుప్పెడు టెక్ కంపెనీలు. బెళ్లందూరు ఫ్లాట్‌కి అద్దె కట్టేది మీలాంటి ఐటీ వాళ్లే, రేపు కొనేదీ వాళ్లే. ఎస్ అండ్ పీ 500లోనూ మొదటి పది కంపెనీల వాటా మూడో వంతు దాటింది, వాటిలో ఎక్కువ భాగం నాస్‌డాక్ 100లో ఉన్నవే. అంటే ఐదో చాప కూడా అదే డాబా మీద వేస్తానంటున్నారు. ఫ్లాట్ పక్కన పెట్టి లెక్కేసినా 1.73 కోట్లలో 62 శాతం ఒక్క కంపెనీలో ఉంది.

రూపాయి సంగతి. 2022లో నాస్‌డాక్ 100 డాలర్లలో 33 శాతం దాకా పడింది. అదే ఏడాది రూపాయి 74 నుంచి 83 దగ్గరకు జారింది కాబట్టి మనకు నష్టం 25 శాతం చిల్లర. రూపాయి దెబ్బను తగ్గించింది, ఆపలేదు. ప్రతిసారీ తగ్గిస్తుందనీ లేదు. 2002లో 49 దగ్గరున్న డాలరు 2007 చివరికి 39కి వచ్చింది. 2000 మార్చిలో 1,527 దగ్గరున్న ఎస్ అండ్ పీ 500, 2009 మార్చికి 676కి చేరింది. ఆ తొమ్మిదేళ్లలో రూపాయి మొత్తం మీద బలహీనపడినా, డివిడెండ్లు వదిలేస్తే మన డబ్బు రూపాయల్లో సగానికి దగ్గరగా వచ్చినట్టే.

ఇక ఆర్ఎస్‌యూలు. ఎక్కువమంది పొరబడేది ఇక్కడే. "24 నెలలు ఆగితే 12.5 శాతమే పన్ను, ఇప్పుడు అమ్మితే స్లాబ్ పన్ను" అని కూర్చుంటారు. వెస్ట్ అయిన (షేర్లు మీ చేతికి వచ్చిన) రోజు విలువ మొత్తం మీద జీతంగా పన్ను ఎప్పుడో కట్టేశారు. ఆ రోజు ధరే మీ కొనుగోలు ధర. ఆ వారంలోనే అమ్మితే లాభం దాదాపు సున్నా, పన్నూ దాదాపు సున్నా. 24 నెలల లెక్క వెస్ట్ తర్వాత పెరిగిన దానికే. ఇంకో మెలిక: బ్రోకర్ స్టేట్‌మెంట్‌లో కొన్నిసార్లు కాస్ట్ బేసిస్ (కొనుగోలు ధర) సున్నా అని ఉంటుంది. ఆడిటర్‌కి ఆ పీడీఎఫ్ ఒక్కటే పంపితే కట్టిన పన్నే మళ్లీ కడతారు. ప్రతి వెస్ట్ కన్ఫర్మేషన్, కంపెనీ ఇచ్చే ఫారం 12బీఏ కలిపి పంపండి.

పాత లాట్లను (ఒక్కోసారి వెస్టయిన షేర్లను) ఒక వరసలో అమ్మండి. ముందు నష్టంలో ఉన్నవి, వెస్ట్ ధర దగ్గరే ఉన్నవి. తర్వాత 24 నెలలు దాటినవి. మంచి లాభంలో ఉండి 24 నెలలకు రెండు మూడు నెలలే తక్కువున్నవి చివరికి. షార్ట్ టర్మ్ నష్టాన్ని రెండు రకాల లాభాల మీదా సర్దుకోవచ్చు, లాంగ్ టర్మ్ నష్టాన్ని లాంగ్ టర్మ్ లాభం మీదే. మిగిలింది ఎనిమిదేళ్లు ముందుకు తీసుకెళ్లొచ్చు, రిటర్న్ గడువులోపు వేస్తేనే. మొత్తం ఆదాయం 50 లక్షలు దాటితే 10 శాతం సర్‌చార్జ్, కోటి దాటితే 15 శాతం. అది లాభం మీదే కాదు, జీతం పన్ను మీదా పడుతుంది. అందుకే మార్చిలో కొంత, ఏప్రిల్‌లో కొంత అమ్మడం మీలాంటివాళ్లకు పనికొస్తుంది. ట్రేడింగ్ విండో (ఉద్యోగులు సొంత కంపెనీ షేర్లు అమ్ముకోనిచ్చే రోజులు) మూసుకుని ఉంటే ఏమీ చేయలేరు, తేదీలు ముందే చూసుకోండి.

డాలర్లలో లాభం లేకపోయినా పన్ను పడుతుందని చాలామందికి తెలియదు. 10,000 డాలర్ల షేర్లు డాలరు 75 ఉన్నప్పుడు వచ్చాయి, అంటే 7.5 లక్షలు. మూడేళ్ల తర్వాత అదే 10,000 డాలర్లకు, డాలరు 90 ఉన్నప్పుడు అమ్మారు, 9 లక్షలు. లాభం 1.5 లక్షలు, సెస్‌తో కలిపి పన్ను 19,500. అమ్మిన నెలకు ముందు నెల ఆఖరి రోజు ఎస్‌బీఐ టీటీ బయింగ్ రేటు (బ్యాంకు మన దగ్గర డాలర్లు కొనే రేటు) వాడాలి, గూగుల్‌లో కనిపించే రేటు కాదు.

అమ్మిన డబ్బు ఇక్కడికి తెచ్చేముందు ఒక్క నిమిషం ఆగండి. ఇండియన్ ఫండ్లలో, లోన్ ప్రీపేమెంట్‌లో పెట్టాల్సింది తెచ్చేయండి. బయటే ఉంచాలనుకున్నది తెచ్చి మళ్లీ పంపితే రెండుసార్లు బ్యాంకుకి సమర్పయామి. పంపడానికి ఎల్ఆర్ఎస్ (విదేశాలకు డబ్బు పంపుకోవడానికి ఆర్‌బీఐ పథకం) కింద మనిషికి ఆర్థిక సంవత్సరానికి 2.5 లక్షల డాలర్ల దాకా వీలుంది. 10 లక్షలు దాటిన దాని మీద బ్యాంకు 20 శాతం టీసీఎస్ పట్టుకుంటుంది (కంపెనీ అనుకోకండి, ఇది పంపేటప్పుడే వసూలు చేసే పన్ను). 25 లక్షలు పంపితే 15 లక్షల మీద 3 లక్షలు. పోయిన డబ్బు కాదు, మీ పాన్ మీద జమవుతుంది. ఫారం 12బీఏఏ కంపెనీకి ఇస్తే మిగతా నెలల టీడీఎస్‌లో తగ్గిస్తారు. ఇవ్వకపోతే రిఫండ్ దాకా ఆగాలి. 10 లక్షల పరిమితి అన్ని బ్యాంకులకూ కలిపే, రెండో బ్యాంకు నుంచి పంపితే మళ్లీ మొదటి నుంచి మొదలవదు. మీ ఆవిడ పేరున ఇంకో 10 లక్షలు పంపొచ్చు గానీ, ఆ డబ్బు మీరిచ్చిందైతే దాని మీద ఆదాయం మీ లెక్కలోకే వస్తుంది.

టీసీఎస్ గురించి గోల పెట్టేవాళ్లు అసలు ఖర్చు చూడరు. అది బ్యాంకు మార్జిన్. మార్కెట్ రేటు 90 ఉన్నప్పుడు మీకు 91కి అమ్మితే 5 లక్షల మీద 5,500 పోయినట్టే. దాంతో పోలిస్తే ఫారెక్స్ మీద జీఎస్టీ 540 రూపాయలే, వైర్ చార్జీ వేరు. డబ్బు పంపడానికి ఇచ్చే ఏ2 ఫారం సంతకం పెట్టేముందు రిలేషన్‌షిప్ మేనేజర్‌ని ఆ రోజు రేటు అడిగి బేరమాడండి, 40–50 పైసలు తగ్గించడం వాళ్ల చేతిలో ఉంటుంది. నెలనెలా 20 వేలు పంపడం కంటే మూడు నెలలకోసారి పెద్ద మొత్తం పంపడం మేలు. పంపిన డబ్బు పెట్టుబడి పెట్టకుండా 180 రోజులు మించి అక్కడ ఊరికే ఉంచకూడదు.

ఇప్పుడు ఎవరూ మాట్లాడని రిస్క్. అమెరికా పౌరుడూ, అక్కడి నివాసీ కాని మనిషి చనిపోతే అతని అమెరికా షేర్లు, అమెరికాలో రిజిస్టరైన ఈటీఎఫ్‌ల మీద అక్కడ ఎస్టేట్ ట్యాక్స్ ఉంది. మినహాయింపు 60,000 డాలర్లే. మన దగ్గర ఎస్టేట్ డ్యూటీ 1985లోనే పోయింది కాబట్టి ఎవరికీ గుర్తుండదు, ఈ పన్ను మీద అమెరికాతో ఒప్పందమూ లేదు. మీ 1.2 లక్షల డాలర్లకు స్లాబ్ ప్రకారం లెక్క 29,800, ఆ 60,000 మినహాయింపు కింద వచ్చే క్రెడిట్ 13,000 పోను 16,800 డాలర్లు, మన డబ్బులో 15 లక్షలు. పై స్లాబ్ 40 శాతం. అది తేలేదాకా బ్రోకర్ మీ కుటుంబానికి షేర్లు వదలకపోవచ్చు. ఇక్కడి మ్యూచువల్ ఫండ్ ద్వారా ఉన్న నాస్‌డాక్‌కి ఈ బెడద లేదు, ఎందుకంటే మీ చేతిలో ఉన్నది ఇండియన్ ఫండ్ యూనిట్లు.

అందుకే బయట నేరుగా కొనేది ఏదైనా సరే ఐర్లాండ్‌లో రిజిస్టరైన యూసిట్స్ (యూరప్ నిబంధనల కింద నడిచే) ఈటీఎఫ్ చూడండి. లండన్ ఎక్స్‌చేంజ్‌లో కొనుక్కునే వీలిచ్చే బ్రోకర్ కావాలి, కంపెనీ ఆర్ఎస్‌యూ ఖాతాలో సాధారణంగా ఉండదు. డివిడెండ్లు ఫండ్‌లోనే కలిపేసే రకం తీసుకుంటే ఏటా డివిడెండ్ లెక్క తప్పుతుంది. లోపం ఏమిటంటే, అమెరికా కంపెనీల డివిడెండ్ల మీద ఫండ్ స్థాయిలో 15 శాతం కోత పడుతుంది, దాన్ని ఇక్కడ క్రెడిట్‌గా తీసుకోలేరు. నేరుగా అమెరికా షేర్లయితే డబ్ల్యూ-8బెన్ (అమెరికా వాళ్లం కాదని బ్రోకర్‌కి ఇచ్చే ఫారం) ఇచ్చినవాళ్లకు 25 శాతం కోస్తారు, అది ఫారం 67 వేసి ఇక్కడి పన్నులో తగ్గించుకోవచ్చు. అయినా 1.3 శాతం డివిడెండ్ మీద 15 శాతం అంటే ఏడాదికి 0.2 శాతం. ఎస్టేట్ ట్యాక్స్ ముందు అదొక లెక్క కాదు.

ఇండియన్ ఫండ్ల ద్వారా విదేశాల్లో పెట్టే దారి మీకు తెలిసిందే. ఒక్క జాగ్రత్త: మ్యూచువల్ ఫండ్ల విదేశీ పెట్టుబడికి 700 కోట్ల డాలర్లు, విదేశీ ఈటీఎఫ్‌లలో పెట్టడానికి 100 కోట్ల డాలర్ల మొత్తం పరిమితి ఉంది. అది నిండాక కొత్త యూనిట్లు పుట్టవు, ఎక్స్‌చేంజ్‌లో ఉన్నవాటికే ఎగబడతారు. 100 రూపాయల సరుకు 110కి అమ్ముతుంటే ఆ 10 మార్కెట్ పడకుండానే పోయే డబ్బు. ఏఎంసీ (ఫండ్ కంపెనీ) సైట్‌లో ఐఎన్ఏవీ (ఆ క్షణంలో యూనిట్ అసలు విలువ) చూసి, ధర దానికంటే ఒకటి రెండు శాతం మించి ఉంటే మార్కెట్ ఆర్డర్ వేయకండి.

షెడ్యూల్ ఎఫ్ఏ (రిటర్న్‌లో విదేశీ ఆస్తులు చూపే పట్టిక) గురించి కొంచెం ఎక్కువే చెప్తాను, చూపకపోతే జరిమానా ఏడాదికి 10 లక్షలు కాబట్టి. (విదేశీ ఆస్తులు మొత్తం 20 లక్షలు మించకపోతే 2024 అక్టోబర్ 1 నుంచి ఆ జరిమానా లేదు. మీవి ఎప్పుడో మించాయి.) ఇది జనవరి–డిసెంబర్ లెక్క, ఏప్రిల్–మార్చి కాదు. ఉదాహరణకు 2024 మే 15న 40 షేర్లు వెస్టయ్యాయి, ధర 150 డాలర్లు. పన్ను కోసం బ్రోకర్ 14 అమ్మేశాడు, 26 మిగిలాయి. నవంబర్‌లో గరిష్ఠం 200, డిసెంబర్ 31న 180. ఎస్‌బీఐ రేట్లు ఆయా రోజులకు 83, 84, 85 అనుకుందాం. టేబుల్ ఏ3లో ఆ 26 షేర్లకు తొలి విలువ 3,23,700, గరిష్ఠం 4,36,800, ముగింపు 3,97,800. అమ్మేసిన 14 కూడా ఒక పూటైనా మీవే, వాటి అమ్మకం సొమ్ము కూడా అక్కడ రాయాలి. వెస్ట్ ధరకీ అమ్మిన ధరకీ ఒకటో రెండో డాలర్ల తేడా ఉంటే క్యాపిటల్ గెయిన్స్‌లోనూ చూపాలి. దీన్ని వదిలేసినవాళ్లే ఎక్కువ. 2025 ఫిబ్రవరిలో వెస్టయినవి జీతంలో 2024-25కే వస్తాయి, ఎఫ్ఏలో మాత్రం తర్వాతి ఏడాది రిటర్న్‌కి. ప్రతి వెస్ట్‌కీ ఒక వరస, బ్రోకర్ ఖాతా ఏ2లో. ఇంకా వెస్ట్ కానివి రాయక్కర్లేదు. ఐటీఆర్-1 వేయకూడదు. నేను చెప్పిన ఫారాల నంబర్లు 1961 చట్టంవి, 2026 ఏప్రిల్ 1 తర్వాతి ఆదాయానికి కొత్త చట్టం నంబర్లు చూసుకోవాలి.

ఎంత ఉంచుకోవాలంటే నా లెక్కలో సొంత కంపెనీ షేర్లు 10 శాతం మించకూడదు, అంటే మీకు 17 లక్షలు. మొత్తం విదేశీ వాటా 25–30 శాతం చాలు, అందులో కొంతైనా అమెరికా బయట. "వరల్డ్ ఫండ్ కొన్నా" అని సంబరపడకండి, ఆ ఫండ్లు అనుసరించే ఎంఎస్‌సీఐ వరల్డ్ సూచీలో 70 శాతం పైగా అమెరికానే. అలాగని ఒక్క దేశం ఫండ్ జోలికీ పోకండి. జపాన్ నిక్కీ సూచీ 1989 డిసెంబర్ శిఖరాన్ని మళ్లీ దాటింది 2024 ఫిబ్రవరిలో. రష్యాను 2022 మార్చిలో ఎంఎస్‌సీఐ సూచీల్లోంచి దాదాపు సున్నా ధరకు తీసేశారు. వాటా 5 శాతం అటూ ఇటూ జరిగితేనే సరిచేయండి, అదీ వీలైనంతవరకు కొత్త డబ్బుతో, అమ్మి కాదు.

మొదటి పని: వచ్చే విండో తెరుచుకునే తేదీ కనుక్కోండి. బ్రోకర్ సైట్‌లో ఆటో-సేల్ (వెస్టవగానే అమ్మేసే ఏర్పాటు) ఉంటే ఇకముందు వెస్టయ్యేవాటికి ఆన్ చేయండి. అక్కడే డబ్ల్యూ-8బెన్ తేదీ చూడండి. సంతకం పెట్టిన ఏడాది తర్వాత మూడో క్యాలెండర్ సంవత్సరం డిసెంబర్ 31తో దాని గడువు తీరిపోతుంది, ఆ తర్వాత డివిడెండ్ మీద 25 బదులు 30 శాతం కోస్తారు. ఎక్కువ కోసిన ఆ 5 శాతానికి ఇక్కడ క్రెడిట్ రాదు.